నీళ్లు వద్దన్న మనిషి

శనివారం మధ్యాహ్నం మూడుంపావుకు జవియా కాలిపోయిన కార్ఖానాలో అడుగుపెట్టేసరికి హరూన్ అప్పటికే లోపల ఉన్నాడు. చేతులకు తెల్లటి తొడుగులు, కాళ్లకు మెరిసే బూట్లు, మెడలో కెమెరా. అతన్ని చూడగానే జవియా ముఖం విప్పారింది. కేసు తప్పుదోవలో ఎంత దూరం వెళ్లిందో తెలుసుకోవాలంటే హరూన్ ఎక్కడ నిలబడ్డాడో చూస్తే చాలు.

ఇద్దరూ ఒకే ఏడు బోంబాలో, అంటే అగ్నిమాపక దళంలో, చేరారు. ఒకే ఎర్రబండి వెనక వేలాడుతూ ఇరవై ఏళ్లపాటు ఊళ్లో మంటలార్పారు. తర్వాత హరూన్ రాజధానిలోని ఒక బీమా కంపెనీకి పరిశోధకుడిగా వెళ్లిపోయాడు. జవియా పదవీ విరమణ చేసి, ఇంటి గోడకి 'మంట ఎలా పుట్టిందో కనిపెట్టబడును' అని బోర్డు తగిలించుకుంది.

"నువ్వా! మనవళ్లని ఆడిస్తున్నావనుకున్నానే!" అన్నాడు హరూన్.

"వాళ్లతో విసుగేసింది. నిన్ను ఆడిద్దామని వచ్చాను."

"ఆట అయిపోయింది జవియా. నివేదిక రాసేశాను. కె క్లాసు మంట. మూకుట్లో నూనె అంటుకుంది. వేయించే ముసలావిడ పొయ్యి కట్టకుండా పడవ పందేలకి పోయింది. అంతే."

"కె క్లాసా?" జవియా పకపకా నవ్వింది. "అమెరికాలో మూడు నెలలు శిక్షణ తీసుకుని పదేళ్లయింది. ఇంకా ఆ భాష వదల్లేదా? మన దగ్గర వంటనూనె ఎఫ్ క్లాసు. కట్టె, గుడ్డ, కాగితం ఏ. పెట్రోలూ కిరసనాయిలూ బి. గ్యాసు సి. లోహాలు డి. కొత్తగా చేరిన కుర్రాళ్లకి మొదటి రోజు చెప్పే పాఠం."

"పేరేదైతేనేం, మంట మంటే."

"అక్కడే నువ్వెప్పుడూ దెబ్బతింటావు. మంట పేరు తప్పు పెట్టుకుంటే ఆర్పడం తప్పుతుంది. తర్వాత దోషిని పట్టుకోవడం కూడా తప్పుతుంది."

హరూన్ గడియారం చూసుకున్నాడు. "రేపు పొద్దున తొమ్మిదికి నా నివేదిక కంపెనీకి చేరుతుంది. దాని నకలు పోలీసులకి వెళుతుంది. ఆలోపు నీ కవిత్వం ఏదన్నా ఉంటే వినిపించు."

అదీ జవియాకున్న గడువు. పోలీసులకి ఆ కాగితం చేరితే నిర్లక్ష్యం కింద కేసు పడేది మోక్ సెనా మీద. ఊరంతా 'మోక్', అంటే అమ్మ, అని పిలిచే అరవై ఆరేళ్ల సెనా నలభై ఏళ్లుగా ఈ కార్ఖానాలో కెరొపోక్ వేయిస్తోంది. చేపనీ సగ్గుపిండినీ కలిపి పిసికి, కర్రల్లా చుట్టి, ఉడికించి, నూనెలో వేయించే ఆ తిండి ఆమె చేతిలో కుదిరినట్టు నది ఈ ఒడ్డునా ఆ ఒడ్డునా ఇంకెవరి చేతిలోనూ కుదరదు. ఆమెతోపాటు మరో ఇరవైరెండుమంది ఆడవాళ్ల పని కూడా ఆ నివేదిక మీదే ఆధారపడి ఉంది. పొయ్యి వదిలేసి పోయారని తేలితే బీమా రాదు. బీమా రాకపోతే కార్ఖానా మళ్లీ తెరుచుకోదు.

ఆ మోక్ సెనా మాత్రం కిటికీ అవతల బల్ల మీద కూర్చుని, ఒళ్లో గిన్నె పెట్టుకుని, లోపలికి తొంగి చూస్తోంది.

"జవియా! తిన్నావా అమ్మా? నన్ను లోపలికి రావద్దన్నారు గానీ గిన్నెని రావద్దనలేదు. ఇదిగో, వేడిగా ఉన్నాయి. ఆ సారుకి కూడా పెట్టు, పాపం చిక్కిపోయి ఉన్నాడు."

"నేను సాక్షుల దగ్గర తినను," అన్నాడు హరూన్.

"నేను తింటాను," అంది జవియా. ఒక ముక్క నోట్లో వేసుకుని, కిటికీ చువ్వల మీద మోచేతులానించింది. "మోక్, గురువారం మీరు ఎన్నింటికి బయల్దేరారు?"

"గంటలూ నిమిషాలూ నాకెందుకమ్మా? మా అల్లుడి పడవ రెండో పందెంలో ఉంది. దాని డోలు మోగింది. గ్యాసు కట్టేశాను, మూకుడు మీద మూత పెట్టాను, నేల కడిగాను, పరిగెత్తాను. చెప్పులు కూడా వేసుకోలేదు."

"పందెం పోతుంటే నేల కడిగారా?"

"చేపల నీచు వదిలేసి పొమ్మంటావా? రోజూ కడుగుతాను. నీళ్లన్నీ సరుకు గది గుమ్మం వైపు పోతాయి. ఆ వైపే కదా వాలు."

బల్లకి రెండో చివర కూర్చున్న కార్ఖానా యజమాని పోక్ జలీ గొంతు సవరించుకున్నాడు. డెబ్భై దాటిన మనిషి, ఊరందరికీ 'పోక్', అంటే పెదనాన్న. గురువారం పందేలు మొదలైన దగ్గర్నుంచి మంట లేచేదాకా రేవు వదలనివాడు. "రెండో పందెం డోలు మూడూ అయిదుకి మోగింది. నేను దగ్గరే ఉన్నాను. సెనా వచ్చి నా పక్కనే నిలబడి నా చెవి గింగురుమనేలా అరిచింది."

"మంట ఎప్పుడు చూశారు పోక్?"

"మూడూ నలభైకి. మూడో పందెం మొదలవుతోంది. ఇటు తిరిగితే కార్ఖానా కిటికీల్లో వెలుగు. పరిగెత్తుకొచ్చి మొదటి బకెట్టు నేనే పోశాను, సరుకు గది కిటికీలోంచి. రెండు నిమిషాలు పట్టిందేమో."

"నీళ్లు పోస్తే ఏమైంది?"

"ఏం చెప్పమంటావు, ఒక్కసారిగా లేచింది! భళ్లున మెరిసింది. రెండు రోజులు కళ్లు మండాయి."

"చూశావా!" హరూన్ చిటికె వేశాడు. "కాగిన నూనెలో నీళ్లు పడితే ఎగిరి లేస్తుంది. నా నివేదికలో ఆ ముక్క ఉంది."

"మెరుపు ఏ రంగులో ఉంది పోక్?" అడిగింది జవియా.

"తెలుపు. వెల్డింగు చేస్తుంటే చూడలేం చూడు, అట్లాంటి తెలుపు. చిటపటలు కూడా."

"నూనెమంట ఎర్రగా, పసుపుగా లేస్తుంది హరూన్. మీద నల్లటి పొగ గొడుగులా పడుతుంది. మనిద్దరం కలిసి ఎన్ని చూడలేదు? వెల్డింగు తెలుపు ఎప్పుడన్నా చూశావా నూనెలో?"

"కంగారులో ముసలాయనకి రంగులు ఏం తెలుస్తాయి?"

"యాభై ఏళ్లుగా పడవలకి రంగులేస్తున్నాను నాయనా," అన్నాడు పోక్ జలీ, ఏమాత్రం కోపం లేకుండా.

జవియా ఆ మాటకి పొంగిపోయి ఇంకో ముక్క తీసుకుంది. "ఇంకో లెక్క చూడు. మోక్ వెళ్లేటప్పటికి నూనె మరుగుతూనే ఉంది. పొయ్యి నిజంగా పూర్తిమంట మీద వదిలేస్తే అది అంటుకోవడానికి పావుగంట చాలు. ఇక్కడ ముప్ఫై అయిదు నిమిషాలైంది. నూనె ఏమన్నా మూడో పందెం కోసం ఆగిందా?"

"మంట తగ్గించి పెట్టి ఉండొచ్చు. మాటలు కాదు, ఇది చూడు." హరూన్ ఆమెను పొయ్యి దగ్గరికి నడిపించాడు. అతని ముఖంలో గెలుపు కనిపించింది. "గ్యాసు గొట్టం మీద పిడి. గొట్టం వెంట నిలువుగా ఉంటే తెరిచినట్టు. అడ్డంగా ఉంటే కట్టినట్టు. ఎలా ఉంది?"

"నిలువుగా."

"తెరిచి ఉంది. ఫొటో తీశాను. ముసలావిడ కట్టలేదు."

జవియా పొయ్యి వైపు తిరిగింది. ముందు మూకుడు మూత ఎత్తింది. లోపల నూనె బంగారు రంగులో పేరుకుని ఉంది. అంచు మీద వేలు రాసి చూసుకుంది. కాలిన నూనె అంచుకి తారులా పట్టుకుంటుంది, గోకినా పోదు. ఇక్కడ వేలికి అంటింది మామూలు జిడ్డు. ఆ తర్వాత మోకాళ్ల మీద వంగి, నడుం పట్టేసిందని ఒకసారి తిట్టుకుని, గొట్టం వెనక గోడ మీదికి టార్చి వేసింది.

గోడంతా మసి పట్టి నల్లగా ఉంది. పిడి చుట్టూ మాత్రం నలుపు మధ్యలో జానెడు పొడవున తెల్లటి గీత ఉంది. అది అడ్డంగా ఉంది.

"హరూన్, ఇలా రా. బూట్లకి మట్టి అంటినా ఫరవాలేదు, రా. మసి పట్టేటప్పుడు పిడి ఎక్కడుంటే ఆ వెనక గోడకి మసి పట్టదు. అవునా?"

హరూన్ వంగాడు. చాలాసేపు వంగే ఉన్నాడు.

"గీత అడ్డంగా ఉంది," అంది జవియా మెల్లగా. "మంట మండుతున్నప్పుడు గ్యాసు కట్టి ఉంది. మంటలారాక, మసి పట్టడం అయ్యాక, ఎవరో వచ్చి పిడిని నిలువుగా తిప్పారు. నువ్వు పైనుంచి ఫొటో తీశావు. వంగితే ప్యాంటు నలుగుతుందని."

"గురువారం సాయంత్రం అయిదుకి బోంబా బండి వెళ్లిపోయింది. నేను వచ్చింది శుక్రవారం పొద్దున." హరూన్ గొంతులో ధీమా సన్నగిల్లింది. "మధ్యలో తాళం వేసి ఉంది."

"తాళంచెవి ఎవరి దగ్గరుంది పోక్?"

"ఇంకెవరి దగ్గర? సరుకు చూసుకునే రిద్వాన్ దగ్గరే," అన్నాడు పోక్ జలీ. "బంగారంలాంటి కుర్రాడు. వాడే లేకపోతే ఈ గోడలు కూడా మిగిలేవి కావు."

జవియా అప్పటికే సరుకు గదిలోకి నడిచింది. అక్కడి సంగతి పొయ్యి దగ్గరి సంగతి కంటే విచిత్రంగా ఉంది. పైకప్పు పూర్తిగా పోయింది. తేమ తగిలిన గుమ్మం పక్కన సిమెంటు నేల పెచ్చులూడి గుంట పడింది. ఆ గుంట మీద ఇసుక, ఇసుక కింద తెల్లటి గట్టి బూడిద. సగ్గుపిండి కాలితే నల్లటి మాడు మిగులుతుంది. కాలాక తెల్లటి పొడి వదిలేది, సిమెంటుని కూడా పగలగొట్టేంత వేడి పుట్టించేది వేరే ఉంది. బూడిద అంచున కరిగి ముద్దైన దారం ముక్క కనిపించింది. నీలం రంగు నైలాను. పక్కన సగం కాలిన పిండి సంచుల కుట్లన్నీ తెల్ల నూలుతో ఉన్నాయి.

ఆమె ఆ నీలం ముక్కని కాగితంలో చుట్టి జేబులో వేసుకుని పొయ్యి దగ్గరికి తిరిగి వచ్చింది. పొద్దున్నుంచి ఇంత హాయిగా ఎప్పుడూ అనిపించలేదు.

మూడూ యాభైకి రిద్వాన్ వచ్చాడు. ముప్ఫై అయిదేళ్లవాడు. మెడలో ఎర్ర పట్టీకి వేలాడే పతకం ధగధగలాడుతోంది. పందేల సంఘం వాళ్లు ఆ పొద్దునే వేదిక మీద వేశారు. ఫైనల్సుకి ముందు, నాలుగున్నరకి, ఊరందరి ఎదుటా మళ్లీ పిలుస్తారట.

"కక్, మీ గురించి చాలా విన్నాను," అంటూ జవియా చేతిని రెండు చేతులతో అందుకున్నాడు. "అక్క లాంటివారు. ఏం కావాలన్నా అడగండి."

"అడగడానికేముంది తమ్ముడూ, ఊరంతా నీ పాటే పాడుతోంది. ఆ రోజు నువ్వేమని అరిచావో నీ నోటితో వినాలనుంది."

రిద్వాన్ ఛాతీ విప్పుకున్నాడు. "నీళ్లు పోయొద్దు, ఇసుక తెండి అని!"

"ఎక్కడ నిలబడి?"

"గేటు దగ్గర. పోక్ అప్పుడే బకెట్టు పోశారు. రెండోది పోయబోతుంటే ఆపాను. మూడూ నలభై మూడు."

"తలుపు తీసి లోపల చూశాక అరిచావా, చూడక ముందా?"

"ముందే. అప్పుడు చూసే తీరిక ఎక్కడిది?"

"మరి లోపల మండుతోంది ఏమిటో నీకెలా తెలిసింది?"

రిద్వాన్ పతకం సర్దుకున్నాడు. వెంటనే నవ్వాడు. "వంటశాల కదా కక్. నూనె అనుకున్నాను. నూనె మీద నీళ్లు పోయకూడదని పోయిన నెల బోంబావాళ్లే నేర్పారు."

"అతను చెప్పేది సబబే," అన్నాడు హరూన్.

"సబబే. ఇంకా ఏం నేర్పారు? నూనె అంటుకుంటే మూత వెయ్యాలి, లేదా తడిపి పిండిన మందపాటి గుడ్డ కప్పాలి, లేదా అదిగో ఆ పసుపు పట్టీ సిలిండరు కొట్టాలి. నూనెమంట కోసమే చేసిన మందు అది. నూనె పైభాగాన్ని సబ్బులా మార్చి కప్పేస్తుంది." జవియా గుమ్మం పక్కకి వేలు చూపింది. "అది వేలాడుతున్న చోటే ఉంది. సీలు కూడా తెగలేదు. దాని పైన గోడ మీద ఫొటోలో దాన్ని పట్టుకుని పళ్లు ఇకిలిస్తున్నది ఎవరు?"

ఫొటోలో ఉన్నది రిద్వానే.

"కంగారులో మర్చిపోయాను కక్."

"కంగారులో మనిషి నీళ్లు నీళ్లు అని అరుస్తాడు తమ్ముడూ. నేను ముప్ఫై ఏళ్లుగా వింటున్నాను. ఇసుక అని ఎవడూ అరవడు. లోపల లోహం మండుతోందని తెలిసినవాడు తప్ప."

నది వైపు నుంచి డోళ్లు, ఈలలు గాలిలో తేలి వస్తున్నాయి.

"ఇసుక ఎక్కడ పోయించావు?" ఈసారి అడిగింది హరూన్. అతను నోటుపుస్తకం మూసేశాడు.

"సరుకు... సరుకు గదిలో."

"మూకుడు దగ్గర ఒక్క రేణువు కూడా లేదే. నూనె అంటుకుందని అనుకున్నవాడివి, నూనె వదిలేసి పిండి మీద ఇసుక పోయించావా?"

జవియా హరూన్ వైపు ముచ్చటగా చూసింది. పాత హరూన్ ఇంకా ఎక్కడో బతికే ఉన్నాడు.

రిద్వాన్ ముఖం ఎర్రబడింది. "మీరిద్దరూ కలిసి కథ అల్లుతున్నారు. ఆ గదిలో సగ్గుపిండి తప్ప ఏముంది? చూపించండి!"

జవియా జేబులోంచి కాగితం విప్పింది. "ఈ నీలం దారంతో కుట్టిన సంచులు ఎన్ని వచ్చాయి?"

"నీలం దారమా? నాకు తెలీదు."

"అయ్యో, నీలం దారం సంచులా!" కిటికీ అవతల నుంచి మోక్ సెనా ఉత్సాహంగా అందుకుంది. "నాలుగు కదరా! పోయిన ఆదివారం నువ్వే దింపించావు. పండగ కోసం ప్రత్యేకమైన పిండి, ఎవరూ ముట్టుకోవద్దని నువ్వే చెప్పావుగా. ఒకటి తడిగుమ్మం దగ్గర పెట్టావు, అదే కాలింది. మిగతా మూడూ గట్టు మీద ఉండి బతికాయి. వాటినే కదా మంటలారాక వెనక పంచలో టార్పాలిన్ కింద దాచావు."

"దాచలేదు మోక్, పెట్టాను."

"పెట్టావులే. మంచిపని చేశావు. పొద్దున మా అమ్మాయి మస్నా పిండి అయిపోయిందని ఫోను చేసింది. పందేల మైదానంలో దాని దుకాణం ముందు జాతర. పోక్ జలీ వెనక పంచలో బాగున్న సంచులు పంపమన్నాడు. నువ్వు వేదిక మీద పతకం వేయించుకుంటున్నావు కదా, నేనే బండి ఎక్కించి పంపేశాను."

రిద్వాన్ కిటికీ దగ్గరికి ఒక్క ఉరుకు ఉరికాడు. చేయి పతకం మీదికి వెళ్లి అక్కడే బిగుసుకుంది.

"మైదానానికా? పొయ్యిల దగ్గరికా?" గొంతు కీచుగా లేచింది. "పక్క దుకాణంలో మా అమ్మ ఉంది! ఫోను చెయ్యండి! సంచి తెరవొద్దని చెప్పండి, తడి తగలనివ్వొద్దని చెప్పండి, అంటుకుంటే నీళ్లు..."

ఆ మాట దగ్గర ఆగిపోయాడు. ఎవరూ అడగకముందే అంతా చెప్పేశానని అతనికి అర్థమైంది.

"మెగ్నీషియం పొడి," అంది జవియా. "డి క్లాసు, నీళ్లు తగిలితే ఇంకా ఎగిసే మంట. ఉపవాసాల నెల అయ్యాక దొంగచాటుగా అమ్మే బాణసంచాకి. అవునా?"

రిద్వాన్ తల ఊపాడు. "ఒక స్నేహితుడు పడవలో తెచ్చాడు. వారం రోజులు దాచమన్నాడు. నేల కడిగిన నీళ్లు రోజూ కింద నుంచి ఇంకుతాయని నాకు తట్టలేదు కక్."

"తడిసిన పొడి ముద్ద లోపల వేడి రగులుతూ వచ్చింది. గురువారం అంటుకుంది. ఆ సాయంత్రం నువ్వు తాళం తీసి గ్యాసు పిడి తిప్పావు."

అతను మోక్ సెనా వైపు చూడలేకపోయాడు. ఆమె మాత్రం రావద్దన్న మాట మరిచి లోపలికి వచ్చేసింది. వచ్చి అతని చెవి పట్టుకుంది.

"చిన్నప్పటి నుంచి నా చేతి తిండి తిన్నావు కదరా! నా మీద పెడతావా? నా నలభై ఏళ్ల పేరు నీ నాలుగు సంచుల పాటి చెయ్యలేదా?" ఆమె కళ్లలో నీళ్లు తిరిగాయి. చెవి మాత్రం వదల్లేదు.

"మోక్, చెవి తర్వాత. ముందు ఫోను," అంది జవియా.

మోక్ సెనా ఫోను చేస్తే మస్నా మూడో రింగుకి ఎత్తింది. వెనక డోళ్లు, జనం కేకలు.

"అమ్మా! ఆ పిండేంటమ్మా, వెండిలా బూడిదలా మెరుస్తోంది? ఇప్పుడే ఒక సంచి విప్పి గరిటెతో తీశాను. కొంచెం పొయ్యిలో పడింది. చిటచిటా తెల్లగా మెరుస్తోంది! పిల్లలంతా చప్పట్లు కొడుతున్నారు!"

జవియా ఫోను లాక్కుంది. "మస్నా, నేను జవియాని. సంచి మూతి ముడిచి దూరంగా లాగించు. జనాన్ని తప్పించు. నీళ్లు పోయొద్దు."

"పోయడం లేదు కక్, బోంబావాళ్లు గొట్టం పట్టుకుని వస్తున్నారు. బుర్హాన్ ముందున్నాడు."

బుర్హాన్‌కి గొట్టం పట్టుకోవడం నేర్పింది జవియానే. "వాడి చెవి దగ్గర పెట్టు! బుర్హాన్! డి క్లాసు! విన్నావా, డి!"

డోళ్ల మోతలో ఒక్క క్షణం ఏమీ వినిపించలేదు. తర్వాత ఫోనులోంచి బుర్హాన్ కేక దద్దరిల్లింది.

"గొట్టం దించండ్రా! నీళ్లు కట్టెయ్! ఇసుక, పొడి ఇసుక, ఒడ్డు పైనుంచి ఎత్తుకురండి, పరిగెత్తండి!"

అక్కడి నుంచి రెండు నిమిషాలపాటు అడుగుల చప్పుడు, పారల చప్పుడు, ఎవరో ఆపకుండా కొడుతున్న డోలు. రిద్వాన్ గోడకి జారగిలపడి నేల మీద కూర్చున్నాడు. పోక్ జలీ కళ్లు మూసుకుని పెదవులు కదుపుతున్నాడు. ఉన్నట్టుండి ఫోనులో పెద్ద హోరు లేచింది. అందరూ ఉలిక్కిపడ్డారు. అది జనం చప్పట్లు.

"అయిపోయింది కక్," అన్నాడు బుర్హాన్ ఆయాసపడుతూ. "గరిటెడు పొడే కాలింది. ఎవరికీ ఏమీ కాలేదు. జనం ఇది కూడా పండగలో ఒక అంశమనుకున్నారు. మళ్లీ చెయ్యమంటున్నారు!"

జవియా గోడకి ఆనుకుని కళ్లలో నీళ్లొచ్చేదాకా నవ్వింది. మోక్ సెనా నవ్వింది, ఏడ్చింది, గిన్నె ఖాళీ చేసి అందరి చేతుల్లో పెట్టింది. హరూన్ కూడా తీసుకున్నాడు. తింటూనే జేబులోంచి నివేదిక తీసి, నాలుగు ముక్కలు చేసి, మోక్ సెనాకి అందించాడు.

"క్షమించండమ్మా. ఇంకోటి రాస్తాను. ఎఫ్ అనీ కె అనీ కాదు, డి అని రాస్తాను."

"ముందు బాగా నమిలి తిను నాయనా," అంది మోక్ సెనా.

"పోలీసులకి ఫోను చేస్తాను," అన్నాడు పోక్ జలీ, రిద్వాన్ వైపు చూడకుండా.

ఫోనులో బుర్హాన్ ఇంకా ఉన్నాడు. "కక్, సంచులు రెండూ దూరంగా తీయించాను. కాపలా పెట్టాను."

జవియా చేతిలోని ముక్క నోటి దగ్గర ఆగింది. "రెండా? మూడుండాలి."

"రెండే కక్. దుకాణమంతా వెతికాం. మస్నాకి వచ్చినవి రెండే."

అందరూ మోక్ సెనా వైపు తిరిగారు. ఆమె తేలిగ్గా చేయి ఊపింది.

"మూడోది ఇక్కడే ఉంది కదమ్మా. రాజధాని నుంచి వచ్చిన మనిషికి మర్యాద చెయ్యమన్నాడు పోక్ జలీ. సారు లోపల ఫొటోలు తీస్తుంటే డ్రైవరుతో చెప్పి కారు డిక్కీలో పెట్టించాను. ఉత్త పిండి ఏం బాగుంటుందని మీద అయిదు కిలోల చేపలు కూడా పెట్టాను. పాడవకుండా బుట్ట నిండా ఐసు వేసి."

అందరూ ఒకేసారి కిటికీ దగ్గరికి చేరారు. మండే ఎండలో హరూన్ కారు నిగనిగలాడుతోంది. డిక్కీ అంచు నుంచి కరిగిన ఐసు నీళ్లు బొట్లుబొట్లుగా నేల మీద పడుతున్నాయి. అదే అంచు నుంచి, దారమంత సన్నగా, తెల్లటి ఆవిరి పైకి లేస్తోంది. కారు లోపల డ్రైవరు సీటు వెనక్కి వాల్చుకుని, నోరు తెరిచి నిద్రపోతున్నాడు.

జవియా అప్పటికే గుమ్మం దాటింది. హరూన్ మెడలోని కెమెరా తీసి బల్ల మీద పడేసి ఆమె వెనకే దూకాడు. మెరిసే బూట్లతో బురదలో పరిగెడుతూ, ముప్ఫై ఏళ్ల పరిచయంలో మొదటిసారి ఆమెని ఒక మాట అడిగాడు.

"జవియా! ఇసుక ఎక్కడుంది?"